చాటింపు అయినాక మద్రాసు ప్రయాణం

ఆ గొట్టం పెన్నులో వేసే రీఫిల్లు అంత ఉంటాది, అంతే. అంత సన్నపు ప్లాస్టిక్ ముక్క కోసం నేను తిరిగిన తిరుగుడు తల్చుకుంటే ఇప్పటికీ కాళ్ళు పీకుతాయి. తిరుపతి బస్టాండులో మద్రాసు బస్సెక్కేది, మామను కిటికీ పక్కన కూర్చోబెట్టేది, పుత్తూరు దాటేలోపల ఆయన నిద్రపోతే ఆ తలకాయ బరువంతా నా భుజం మీద మోసేది. మద్రాసులో దిగినాక మళ్ళీ సిటీ బస్సు, మళ్ళీ ఆసుపత్రి బెంచీ. ఇంట్లో వంట ఎవరు చేసినారో, పిలకాయలు ఏం తిని బడికి పోయినారో ఆ దేవుడికే తెలియాల. యాష్టపోయినాను, విసిగి అలిసిపోయినాను. ఆ మాట అప్పుడు పైకి అనలేదు గానీ ఇప్పుడు అంటే ఎవరేం చేస్తారు?

మామంటే మా అమ్మకు సొంత తమ్ముడు. ఆయన కొడుక్కే నన్నిచ్చి చేసినారు. నేను పుట్టింది బంగారుపాళ్యం పక్కన మామిడితోటల్లో, వచ్చి పడింది తిరుపతిలో మామ ఇంట్లో. ఆయనకు బెల్లం అంగడి ఉండేది. పొద్దున్నే అచ్చు గిల్లి నోట్లో వేసుకొని ఇది యాడ వండిన బెల్లమో చెప్పేవాడు. గొంతు పెద్దది, తిండి పెద్దది, కోపం అంతకంటే పెద్దది. మా అత్త గమ్మున ఉండే మనిషి. మామ నడవలోనించి కేక వేస్తే ఆమె వంటింట్లో 'ఆ' అనేది పక్కనున్న నాకే వినపడేది, ఆయనకు కాదు. మా ఇంటాయన సంగతి చెప్పే పనే లేదు. వాళ్ళ నాయన మాటకు ఎదురు చెప్పింది నేను ఒక్కనాడు చూడలేదు.

ఎనభైల్లో ఒక చలికాలం మామకు కళ్ళు పచ్చబడినాయి. కామెర్లంటే మా పక్క ఆసుపత్రి గుర్తుకు రాదు, పసరు గుర్తుకొస్తాది. పరగడుపున పసరు పోసే మనిషి చంద్రగిరిలో ఉండాడంటే ఆడికి తీసుకుపోయినాము. ఉప్పు లేని కూడు, నూనె లేని కూర. మామ మూడుపూటలా నన్ను తిడతానే తిన్నాడు, నేనేదో కావాలని చప్పిడి చేసినట్టు. పసుపు తగ్గలేదు. ఒళ్ళంతా దురద పట్టింది, గోళ్ళతో గీరుకొని గీరుకొని పంచె మీద రక్తం మరకలు. ఇంగ లాభం లేదని మా వీధి డాక్టరు దగ్గరికి పోతే ఆయన మమ్మల్ని అందరినీ కలిపి కడిగేసినాడు. కొన్నేండ్ల ముందు మామకు పిత్తాశయంలో రాళ్ళుంటే కోసి తీసేసినారు. అందులో ఒక రాయి అప్పుడే జారుకొని పిత్తం పోయే నాళంలో కూర్చొని, ఇన్నాళ్ళూ గమ్మున పెరిగిందంట. పిత్తానికి దారి లేక రక్తంలోకి ఎక్కుతా ఉండాది, పసరు పోస్తే రాయి కరుగుతుందా అని అడిగినాడు. మళ్ళీ పొట్ట కోస్తే ఈ గుండె తట్టుకోదు, మద్రాసులో నోట్లోనించే చేసే పద్ధతి వచ్చింది, ఆడికి పోండి అన్నాడు.

మద్రాసు డాక్టరు పెద్దాయన. అరవం కలిసిన తెలుగులో నిదానంగా చెప్పేవాడు. నోట్లోనించి వేలు లావు నల్ల గొట్టం దించుతారంట, దాని కొనకు దీపం ఉంటాదంట. అది కడుపు దాటి చిన్నపేగు దాకా పోతాది. ఆడ పిత్తం కారే చిన్న రంధ్రం ఉంటాది. దాంట్లోకి సన్నటి తీగ పంపి, మందు ఎక్కించి, ఎక్స్‌రేలో రాయి యాడుందో చూసి, రంధ్రాన్ని రవంత కోసి వెడల్పు చేసి లాగుతారంట.

"పొట్ట మీద ఒక్క కుట్టు కూడా ఉండదు" అన్నాడాయన.

మా ఇంటాయన ముఖం వెలిగింది. అప్పుడు పెద్దాయన వేలెత్తి, "మిగతాది కూడా వినండి" అన్నాడు. "కోసిన చోట రక్తం ఆగకపోవచ్చు. పేగుకు చిల్లు పడొచ్చు. రంధ్రం పక్కనే క్లోమం ఉంది, అది రేగి వాచిందంటే నొప్పి మామూలుగా ఉండదు, ప్రాణం కూడా పోవచ్చు. అందరికీ జరగదు, కొందరికి జరుగుతుంది. ఆ కొందరిలో మీరుంటారో లేదో నేను ముందే చెప్పలేను."

మామ నవ్వినాడు. "సంతలో ఎద్దును అమ్మేవాడు కూడా ఇంత నిజం చెప్పడు సార్. కానియ్యండి" అన్నాడు.

ఆ కొందరిలో మామ ఉండినాడు. రాయి పెద్దది, లాగితే రాలేదు. దాని పక్కనుంచి పిత్తం కారేటట్టు రీఫిల్లంత గొట్టం పెట్టి వచ్చేసినారు. ఆ సాయంత్రానికే మామకు కడుపులో నొప్పి మొదలైంది. క్లోమం వాచింది. అంత గొంతున్న మనిషి మూలగడానికి కూడా ఓపిక లేక మంచం అంచు పట్టుకొని పడుకున్నాడు. నోట్లో నీళ్ళు కూడా పోయకూడదన్నారు, చేతికి సూది కట్టి సీసాలు ఎక్కించినారు. నేనూ అత్తా వరండాలో చాప మీద, మా ఇంటాయన అంగడికీ ఆసుపత్రికీ మధ్య బస్సుల్లో. ఆ రోజుల్లోనే మామ గంగమ్మకు మొక్కుకున్నాడు. ఈ గండం గడిస్తే జాతరకు వేషం కడతానని. గండం గడిచింది. వాపు దిగింది, కళ్ళ పసుపు పోయింది, దురద పోయింది. పోయిన గొంతు మాత్రం బిరీన తిరిగొచ్చింది, నర్సమ్మలతో తగువుకు కూడా దిగినాడు.

ఇంటికి పంపేటప్పుడు పెద్దాయన నన్నే పిలిచి చెప్పినాడు, మిగతావాళ్ళు వినేరకం కాదని కనిపెట్టినాడో ఏమో. "ఈ గొట్టం శాశ్వతం కాదమ్మా. మడ్డి పట్టి మూసుకుపోతుంది. మూడు నెలలకు వచ్చి మార్పించుకోవాలి. ఈలోగా చలితో జ్వరం వస్తే, కళ్ళు పచ్చబడితే, ఒక్క పూట కూడా ఆగకండి. లోపల చీము పడితే మనిషి దక్కడు."

మూడు నెలల గడువు సరిగ్గా జాతర దగ్గరికి వచ్చి పడింది.

తిరుపతి బయటివాళ్ళకు మా గంగమ్మ జాతర కట్టడి తెలియకపోవచ్చు. జాతర మొదలవుతుందని ముందుగా ఊరంతా చాటింపు వేస్తారు. కడపటి రోజు గుడి ముందర అమ్మవారి మట్టి విశ్వరూపాన్ని ఎత్తి దాని చెంప నరికితే జాతర ముగిసినట్టు. ఆ చాటింపు పడినాక జాతర ముగిసేదాకా ఊరివాళ్ళు పొలిమేర దాటి పోకూడదు. పెళ్ళిళ్ళకు పోరు. చావు కబురొచ్చినా వెనకాడతారు. బయటినించి బంధువులు రావచ్చు గానీ మనం దాటకూడదు. దాటితే తల్లికి కోపమొస్తాది, ఇంట్లో ఎవరికో ఒకరికి తగుల్తాది. మా అత్త కాపురానికి వచ్చింది మొదలు ఒక్క జాతరకూ ఊరు దాటింది లేదు.

"చాటింపుకు ముందే పోయి మార్పించుకొని వద్దాం మామా" అన్నాను.

"పోతే? మళ్ళీ పోయినసారి మాదిరి కడుపు వాచి ఆడనే పడుంటే నా మొక్కు ఎవరు తీరుస్తారు, మీ నాయనా?" అన్నాడు. "ఆరోగ్యంగా ఉండాను కదా. జాతర కానీ, మర్నాడే పోదాం. నాలుగు రోజులకేమీ మునిగిపోదు."

ఆయన భయం నాకు అర్థం కాకపోలేదు. ఆ నొప్పి పడినవాడు ఆయన. మళ్ళీ ఆ బల్ల మీద పడుకోవాలంటే ఎవరికైనా గుండె జారుతుంది. మొక్కు అనే మాట దానికి మంచి దుప్పటి అయ్యింది. అత్త కూడా "తల్లి పని కానియ్యి మే, తర్వాత పోదాం" అనింది. ఇంగ నేనెవరు చెప్పడానికి?

చాటింపు పడింది. మామ బైరాగి వేషం కట్టినాడు. ఒళ్ళంతా నామం సుద్ద పూసుకొని, మెడలో పూలదండ, చేతిలో వేపాకు. ఒంటికి సుద్ద పూసింది నేనూ మా ఇంటాయనా. వీపుకు పూస్తా ఉంటే ఒళ్ళు వేడిగా తగిలింది. ముందుకొచ్చి చూస్తే ఆ తెల్లటి ముఖంలో కళ్ళు రెండూ పసుపు ముద్దల మాదిరి ఉండాయి. "మామా, కళ్ళు" అన్నాను. "ఎండ" అన్నాడు. మే నెల ఎండ, జనం, డప్పులు, గుడి దాకా నడక. వేషం కట్టినవాళ్ళు నోటికొచ్చినట్టు తిట్టొచ్చు, అది ఆచారం. దారి పొడుగునా మామ ఊర్లో పెద్దమనుషులందరినీ పేరుపేరునా తిట్టుకుంటా పోయినాడు. జనం పడీ పడీ నవ్వినారు. నాకు నవ్వు రాలేదు.

సాయంత్రం బావి దగ్గర సుద్ద కడిగితే లోపలినించి పసుపు ఒళ్ళు బయటపడింది. అప్పుడే మొదలైంది వణుకు. ఆ ఎండాకాలంలో రెండు రగ్గులు కప్పినా మంచం కోళ్ళు టకటకా కొట్టుకున్నాయి. మా వీధి డాక్టరు వచ్చి సూది వేసి, "గొట్టం మూసుకుపోయింది. నా చేతిలో ఏమీ లేదు. ఇప్పుడే బయల్దేరండి" అన్నాడు.

మామకు ఇంకా తెలివి ఉండాది. "చాటింపు అయినాక ఊరు దాటేది లేదు" అన్నాడు. "నన్ను గానీ దాటిస్తే నేను మీకు మామనూ కాను, నాయననూ కాను. జాతర కానియ్యండి. సస్తే ఈడనే సస్తాను."

మా ఇంటాయన గోడకు ఆనుకొని నిలబడినాడు. అత్త గుడికి పొంగలి ఎత్తుకొని పోయింది. నేను తడిగుడ్డలు మార్చినాను. నిజం చెప్తే నాకు భయం కంటే కోపమే ఎక్కువగా ఉండింది. ఇన్ని నెలలు నేను మోసుకొచ్చిన మనిషిని ఇప్పుడు కళ్ళముందర గమ్మున పోగొట్టుకోవాలా అని. మర్నాడు మధ్యాహ్నానికి మామ మాటలు తప్పిపోయినాయి. లేచి కూర్చొని పంచె కట్టుకోబోయినాడు. కుచ్చిళ్ళు పోసేది చేతికి తెలియలేదు. పోసేది, జారిపోయేది, మళ్ళీ పోసేది. బెల్లం తూకం అయ్యిందా అని గోడను అడిగినాడు. అత్త వాకిట్లో నిలబడి అదంతా చూసింది. చేతిలో కుంకుమ పొట్లం అట్లే ఉండాది.

"రేయ్, కారు పిలువు" అనింది.

మా ఇంటాయన, "నాయన వద్దన్నాడు కదమ్మా" అన్నాడు.

"మీ నాయనకు తెలివి లేదు ఇప్పుడు. తెలివి లేనోడికి కట్టడి లేదు. దాటిస్తా ఉండేది నేను. ఆ తల్లికి ఏం చెప్పుకోవాల్నో నేను చెప్పుకుంటా. పిలువు కారు!"

ఆ గొంతు ఆమెకు ఉందని నాకప్పుడే తెలిసింది.

అంబాసిడర్ కారు వెనక సీటులో మామ తల అత్త ఒళ్ళో, కాళ్ళు నా ఒళ్ళో. వీధుల్లో వేషాలవాళ్ళు, వేపాకు తోరణాలు. కారు మెల్లగా నడిచింది. చూసినవాళ్ళు చూసినారు. రేణిగుంట రోడ్డులో పొలిమేర దగ్గరికి వస్తా ఉంటే అత్త కొంగు లాగి మామ ముఖం మీద కప్పింది. "ఎండ పడతా ఉండాది" అనింది. ఎండ ఆ పక్క లేదు. ఆమె పెదాలు కదులుతా ఉండాయి, మాట వినపడలేదు. పొలిమేర దాటినాక కూడా చానా దూరం కొంగు తీయలేదు.

పెద్దాయన మమ్మల్ని తిట్టలేదు. తిట్టేంత తీరిక లేదు. "నాళంలో చీము పట్టింది, అది రక్తంలోకి ఎక్కుతోంది. ఈ స్థితిలో గొట్టం దించడం అపాయమే. రక్తం పోవచ్చు, ఊపిరి ఆగవచ్చు. దించకపోతే మాత్రం ఆశే లేదు. చెప్పండి" అన్నాడు. మా ఇంటాయన నేల చూసినాడు. అత్త, "దించండి సార్" అనింది. లోపల వాళ్ళు పాత గొట్టం లాగంగానే చీము ఉరికి వచ్చిందంట. కొత్తది పెట్టినారు. అత్త తలుపుకు ఎదురుగా నిలబడే ఉండింది, కూర్చోమంటే కూర్చోలేదు. మర్నాటికి జ్వరం దిగింది. నాకు ఏడుపొచ్చింది, పంపు దగ్గరికి పోయి ముఖం కడుక్కోని వచ్చినాను.

మామ కళ్ళు తెరిచి అడిగిన మొదటి మాట: "జాతర అయిపోయిందా?"

అత్త తడుముకోలేదు. "అయిపోయింది. అమ్మవారి విశ్వరూపం ఎత్తినారు, చెంప నరికినారు, అంతా అయిపోయినాకనే బయల్దేరినాము. నీకే తెలివి లేదు."

అప్పటికి తిరుపతిలో ఇంకా డప్పులు మోగతా ఉండాయి. మామ 'సరే' అన్నట్టు తలాడించి కళ్ళు మూసుకున్నాడు. బయటికొచ్చినాక అత్త నా చెయ్యి గట్టిగా పట్టుకొని, "నోరు జారినావంటే నా మీద ఒట్టు" అనింది. కొడుకుతో కూడా ఒట్టు వేయించింది.

అక్కడినించి ఆమె పడిన బాధ ఇంకొక ఎత్తు. మా వీధిలో ఆడవాళ్ళు మామ ముందర ఏమీ అనలేదు గానీ, నీళ్ళ పంపు దగ్గర అత్తను సూటిగానే అడిగినారు, చాటింపులో దాటినావంటనే అని. వానకు అంగడి కప్పు కారి బెల్లం కరిగిపోతే అత్త ముఖం నల్లబడేది. మా చిన్నోడు గోడ మీదినించి పడి చెయ్యి విరగ్గొట్టుకుంటే, "నా వల్లే, నా వల్లే" అని మూలకు కూర్చుంది. మంగళవారాలు పచ్చి మంచినీళ్ళు ముట్టేది కాదు. నేను విసుక్కునేదాన్ని. "తల్లికి అంత కోపం ఉంటే మామను ఎందుకు బతికించింది అత్తా?" అంటే, "ఆయనకు తెలీదు కాబట్టి ఆయన్ను వదిలిపెట్టింది. తెలిసి దాటింది నేను. నన్నే పట్టుకుంటాది, పట్టుకోనీ" అనేది. ఆమె లెక్కంతా దాని మీదనే నిలబడి ఉండింది. ఆయనకు తెలీదు, అందువల్ల ఆయన క్షేమం.

మామ ఏమో అంగడిలో కూర్చొని వచ్చినవాళ్ళందరికీ చెప్పేవాడు. "చూసినావాప్పా, జాతర అయ్యేదాకా తల్లి నన్ను ఊర్లోనే పట్టుకొని ఉండింది, అయినాకనే మద్రాసుకు పంపింది." వినేవాళ్ళకు నిజం తెలుసు. బెల్లం వైపు చూసేవాళ్ళు. ఆ గొంతు ఇంట్లోకి వినపడితే అత్త కాస్త కుదుటపడేది. నాకు మాత్రం ఒళ్ళు మండేది. ఇంత తెలియని మనిషి ఉంటాడా అని.

మూడు నెలలకొకసారి గొట్టం మార్పు జరుగుతానే ఉండింది. రాయి తీయడానికి ఇంకోసారి చూసినారు, రాలేదు. అత్తకు బస్సు పడదు, మా ఇంటాయనకు అంగడి. ఇంగ మిగిలింది నేను. ఆ మార్పు జాతర దగ్గరికి వచ్చిన ఏట చాటింపుకు చానా ముందే ఎత్తుకొని పోయేదాన్ని, ఆ విషయంలో మామ నోరెత్తేవాడు కాదు. ప్రతిసారీ ఆ పెద్దాయన, రక్తం, చిల్లు, క్లోమం అంతా మొదటినించీ చెప్పేవాడు. ప్రతిసారీ మామ "కానియ్యండి" అనేవాడు. ఎద్దుల మాట మానేసినాడు.

అట్లాంటి ఒక ప్రయాణంలో, లోపలికి పిలిచేదాకా బెంచీ మీద కూర్చోని ఉండాము. మామ బాగా చిక్కిపోయినాడు అప్పటికి. నేను అలిసిపోయి, ఏదో మాటకు విసుక్కున్నాను. "ఇంటి దగ్గర అత్త మళ్ళీ పస్తు. ఈ ఉపవాసాలతో ఆమె కూడా పడిందంటే ఇద్దర్నీ నేనే మోయాల."

మామ తువ్వాలు మడిచి ఒళ్ళో పెట్టుకున్నాడు. తర్వాత మెల్లగా, "ఆ పొద్దు కార్లో నాకు తెలివొచ్చింది పాపా" అన్నాడు.

"ఏ పొద్దు?"

"పొలిమేర కాడ. మీ అత్త కొంగు కప్పినప్పుడు. యాడికి పోతా ఉండామో తెలిసింది. కారు ఆపమని ఒక్క మాట అంటే ఆపేవాళ్ళు మీరు. అనలేదు. గమ్మున పడుకున్నాను." ఆయన నా ముఖం చూడలేదు. "బతకాలనిపించింది మే. అంత మాటలు మాట్లాడినానే, ఆడికొచ్చేసరికి బతకాలనిపించింది."

"అత్తకు చెప్తే ఆమె బరువు సగం దిగును కదా మామా" అన్నాను.

"దిగదు. తెలిసి దాటినానని తెలిస్తే ఇంగ నా ప్రాణం కోసం కూడా భయపడతాది. ఇప్పుడు తన ఒక్కదాని కోసమే భయపడతా ఉండాది. చెప్పొద్దు."

అంగడిలో అంత గొంతేసుకొని చెప్పింది ఎవరు వినాలనో అప్పుడు తెలిసింది నాకు. ఇన్నాళ్ళూ ఆయన మీద మండిన మంట అంతా చల్లారిపోయింది. లోపలినించి పిలిచినారు. మామ తువ్వాలు నా చేతికిచ్చి లేచి పోయినాడు.

ఆయన గొట్టంతో పోలేదు, క్లోమంతో పోలేదు. కొన్నేండ్లకు అంగడిలో కూర్చొని ఉండంగా గుండె ఆగి పోయినాడు. దినాలు అయినాక ఒక మధ్యాహ్నం అత్తకు అన్నం పెట్టుకొని కూర్చున్నాను. ఆమె కంచం ముట్టలేదు. గోడ వైపు చూస్తా, "ఒక్కటే నయం మే" అనింది. "మనం ఆ పొద్దు దాటించిన సంగతి ఆయనకు తెలీకుండానే పోయినాడు."

"అవునత్తా, తెలీదు" అన్నాను.

ఆమె కంచం దగ్గరికి లాక్కొని అన్నం కలుపుకునింది.